పాస్‌పోర్టు లేని రైతు: సోవియట్ పల్లెను కట్టిపడేసిన కాగితం కథ

పాస్‌పోర్టు అంటే మనకు విదేశాలకు వెళ్లేవాళ్ల దగ్గరుండే పుస్తకం. సోవియట్ యూనియన్లో ఆ మాటకు అర్థం వేరు. పట్నంలో ఉండడానికి చోటు కావాలన్నా, ఫ్యాక్టరీలో చేరాలన్నా, హోటల్లో గది తీసుకోవాలన్నా సొంత దేశంలోనే చూపించాల్సిన పత్రం అది. 1932 డిసెంబరులో ప్రభుత్వం ఈ పాస్‌పోర్టుల పద్ధతి తెచ్చినప్పుడు కోట్లాది మందిని పక్కన పెట్టింది. వాళ్లు ఉమ్మడి వ్యవసాయ క్షేత్రాల్లో పనిచేసే రైతులు. వాళ్లందరి చేతికీ ఆ పుస్తకం అందేసరికి 1981 ముగిసింది.

సోవియట్ కాలం గురించి మాట మొదలైతే మన దగ్గర వాదన రెండు ముక్కలవుతుంది. రైతుల్ని బానిసల్ని చేశారని ఒకరంటారు. చదువు రాని పల్లెల నుంచి ఒక్క తరంలో ఇంజనీర్లు, డాక్టర్లు వచ్చారని మరొకరంటారు. నా మటుకు నేను మాస్కోలో అచ్చయిన తెలుగు పుస్తకాలు చదువుతూ పెరిగాను. విజయవాడ విశాలాంధ్ర దుకాణంలో అవి చాలా చవగ్గా దొరికేవి. ఆ బొమ్మల్లో ట్రాక్టరు మీద నవ్వుతూ కనిపించే అమ్మాయికి పక్క పట్నం పోయి పని చూసుకునే కాగితం లేదని చాలా ఏళ్ల తర్వాతే తెలిసింది. పై రెండు మాటలూ ఒకే దేశంలో, ఒకే కాలంలో ఎలా నిజమయ్యాయో అర్థం కావాలంటే ఈ కాగితం సంగతి తెలియాలి.

ముందుగా నాలుగు రష్యన్ మాటలు

కోల్‌ఖోజ్ అంటే ఉమ్మడి క్షేత్రం. భూమి ప్రభుత్వానిది, సాగు ఊరందరి ఉమ్మడి. పేరుకు అది సహకార సంఘం కాబట్టి అందులో పనిచేసేవాడు కూలివాడు కాడు, సభ్యుడు. అందువల్ల అతనికి జీతం ఉండదు, ఏటా మిగిలినదాంట్లో వాటా ఉంటుంది. సోవ్‌ఖోజ్ అంటే నేరుగా ప్రభుత్వం నడిపే క్షేత్రం. అక్కడ పనిచేసేవాళ్లకు ఫ్యాక్టరీ కార్మికుల్లాగే జీతం, పాస్‌పోర్టు రెండూ ఉండేవి. చూడ్డానికి రెండు చోట్లా అదే పొలం, అదే బురద. హక్కుల్లో మాత్రం చాలా తేడా.

ప్రొపీస్కా అంటే ఫలానా చిరునామాలో నివసించడానికి అనుమతి ఉందని పాస్‌పోర్టులో పోలీసులు వేసే ముద్ర. కొత్త ఊరికి వచ్చినవాళ్లు 24 గంటల్లో నమోదు చేయించుకోవాలని 1932 చట్టం చెప్పింది. ఇక స్ప్రావ్కా. క్షేత్రం అధ్యక్షుడో, గ్రామ సోవియట్టో (ఊరి పాలక మండలి) రాసి, గుండ్రటి ముద్ర కొట్టి ఇచ్చే చీటీ ఇది. ఫలానా వ్యక్తి ఊరు విడిచి వెళ్లడానికి మాకు అభ్యంతరం లేదని అందులో రెండు మూడు వరుసలుంటాయి. పాస్‌పోర్టు లేని రైతుకు బయటి ప్రపంచపు తలుపు తీసే తాళంచెవి ఈ చీటీయే. అది ఇవ్వాలా వద్దా అన్నది అధ్యక్షుడి చేతిలో ఉండేది. ఆ అధ్యక్షుడికేమో చేతులు ఎక్కువుంటేనే పంట పనులు సాగుతాయి.

పాస్‌పోర్టులు రద్దు కావాలన్నది బోల్షెవిక్కులే

జారు కాలంలో రైతు ఊరు విడిచి వెళ్లాలంటే కాగితం కావాలి. 1861లో భూదాస్యం రద్దయ్యాక జమీందారు పెత్తనం పోయింది గానీ, ఆ స్థానంలోకి ఊరి ఉమ్మడి సంఘం వచ్చింది. పన్నులకు, భూమి బాకీలకు ఊరంతా కలిసి బాధ్యత వహించాలి కాబట్టి, ఒకడు వెళ్లిపోతే అతని భారం మిగతావాళ్ల మీద పడుతుంది. అందుకని సంఘం, ఇంటి పెద్ద ఒప్పుకుంటేనే పాస్‌పోర్టు. ఈ కట్టు చాలావరకు 1906లో సడలింది.

తర్వాత బోల్షెవిక్కులకు, అంటే రష్యన్ కమ్యూనిస్టులకు, నాయకుడైన లెనిన్ 1903లో పల్లె పేదల కోసం ఒక చిన్న పుస్తకం రాశాడు. రైతుకు ఎక్కడికైనా వెళ్లే స్వేచ్ఛ, ఏ పనైనా చేసుకునే స్వేచ్ఛ ఉండాలని, రష్యాలో పాస్‌పోర్టులు రద్దు కావాలని అందులో స్పష్టంగా అడిగాడు. 1917 విప్లవం తర్వాత బోల్షెవిక్కులు అన్నమాట ప్రకారం పాత పాస్‌పోర్టుల్ని తీసేశారు. అంతర్యుద్ధం రోజుల్లో ధాన్యాన్ని బలవంతంగా లాక్కోవడం వల్ల తాంబోవ్ రైతులు తిరగబడ్డారు, క్రోన్‌స్టాడ్ట్ నావికులు తిరగబడ్డారు. దాంతో 1921లో ప్రభుత్వం తగ్గి, ధాన్యం లాక్కోవడం మానేసి పన్ను కట్టించుకోవడం మొదలుపెట్టింది. మిగిలింది రైతు అమ్ముకోవచ్చు. 1920లలో రైతు పట్నానికి కూలికి పోయి, నాలుగు డబ్బులు తీసుకుని కోతలకు తిరిగొచ్చేవాడు. ఆపేవాళ్లు లేరు.

1929 నాటికి ఈ సర్దుబాటు ముగిసింది. ఫ్యాక్టరీలకు విదేశీ యంత్రాలు కావాలి, వాటికి ధాన్యం ఎగుమతి కావాలి, పెరిగే పట్నాలకు రొట్టె కావాలి. ప్రభుత్వం ఇచ్చే తక్కువ ధరకు రైతు ధాన్యం అమ్మడం లేదు. పొలాలన్నీ కలిపేస్తే ధాన్యం కళ్లంలోంచే తీసుకోవచ్చన్నది స్టాలిన్ ఎంచుకున్న దారి. ఎదురుతిరిగిన వాళ్లకు, కాస్త కలిగిన వాళ్లకు, ఒక్కోసారి ఊరి పెద్దలకు నచ్చని వాళ్లకు 'కులక్' అని ముద్ర వేశారు. 1930, 1931 సంవత్సరాల్లోనే సుమారు 18 లక్షల మందిని కుటుంబాలతో సహా ఉత్తరాదికి, సైబీరియాకు, కజకిస్తాన్‌కు తరలించారు. ఉమ్మడిలో కలపడం ఇష్టంలేక జనం పశువుల్ని కోసుకు తిన్నారు. నాలుగేళ్లలో దేశంలో గొడ్లు, గుర్రాలు సగానికి దగ్గరగా పడిపోయాయి.

1932-33: ఆకలి, రైళ్లు, కొత్త పుస్తకం

పాస్‌పోర్టు చట్టం వచ్చిన తేదీ 1932 డిసెంబరు 27. అప్పటికి పల్లెల్లో కరువు మొదలైంది. ఉక్రెయిన్, కుబాన్, వోల్గా లోయ, కజకిస్తాన్ ప్రాంతాల్లో ధాన్యం లెవీ కింద పోయింది. ఆగస్టు 7న వచ్చిన మరో చట్టం క్షేత్రం సొత్తు దొంగతనానికి మరణశిక్ష, లేదంటే పదేళ్ల ఖైదు విధించింది. కోతల తర్వాత పొలంలో రాలిన వెన్నులు ఏరుకున్నవాళ్లకూ దాన్ని వర్తింపజేశారు కాబట్టి జనం దాన్ని వెన్నుల చట్టం అన్నారు. ఆ కరువులో దేశం మొత్తం మీద చనిపోయినవాళ్లు 50 లక్షల నుంచి 70 లక్షలు, అంతకు పైనే అని చరిత్రకారుల అంచనాలున్నాయి. అందులో ఉక్రెయిన్ ఒక్కదాంట్లోనే 35 లక్షలకు పైగా.

ఆకలేసినవాడు రొట్టె ఉన్న చోటికి నడుస్తాడు. రొట్టె పట్నంలో ఉంది. అదీ రేషన్ కార్డు మీదే. పట్నాల మీదికి జనం పోటెత్తితే ఆ రేషన్ కుప్పకూలుతుంది. పాస్‌పోర్టు ఎవరికివ్వాలి, ఎవరికి ఇవ్వకూడదు అన్న నిర్ణయం ఈ లెక్కలోంచి పుట్టింది. పట్నవాసులకు, రైల్వే సిబ్బందికి, సోవ్‌ఖోజ్ కార్మికులకు, నిర్మాణ పనుల్లో ఉన్నవాళ్లకు పదహారేళ్లు నిండితే పాస్‌పోర్టు ఇస్తారు. పల్లెల్లో స్థిరంగా ఉండేవాళ్లకు ఇవ్వరు. 1933 ఏప్రిల్ 28 ఉత్తర్వు ఈ మాట విడమరిచి చెప్పింది. మాస్కో, లెనిన్‌గ్రాడ్ లాంటి ప్రత్యేక నగరాల చుట్టూ వంద కిలోమీటర్ల లోపు పల్లెలకు మాత్రం మినహాయింపు. ఆ పల్లెవాళ్ల మీద దయ కలిగి కాదు, అక్కడెవరెవరు ఉన్నారో పోలీసులకు తెలియాలి కాబట్టి. నగరంలో ఉండనివ్వని వాళ్లను, జైలు నుంచి వచ్చినవాళ్లను ఆ గీత అవతలికి పంపేవాళ్లు. '101వ కిలోమీటరు' అన్న మాట రష్యన్‌లో నేటికీ వాడుకలో ఉంది.

ఈ చట్టం కంటే కఠినమైన ఆదేశం 1933 జనవరి 22న వెళ్లింది. ఉక్రెయిన్, కుబాన్ రైతులు బయటికి వెళ్లకుండా ఆపమని స్టాలిన్, అప్పటి ప్రధాని మొలొతోవ్ సంతకాలతో వచ్చిన ఆదేశం అది. రైలు టిక్కెట్లు అమ్మడం ఆపేశారు. కొన్ని వారాల్లోనే రెండు లక్షలకు పైగా మందిని దారిలో పట్టుకుని, ఎక్కువమందిని ఆకలి ఉన్న ఊళ్లకే తిప్పి పంపారు. కరువు ఉద్దేశపూర్వకంగా ఉక్రెయిన్ జాతి మీద జరిగిన హత్యాకాండ అని ఉక్రెయిన్, మరెన్నో దేశాలు అంటున్నాయి. ధాన్యం కోసం చేసిన క్రూరమైన విధానం రష్యన్లను, కజక్కులను కూడా చంపిందని, ఒక జాతిని నిర్మూలించే పథకంగా దాన్ని చూడలేమని ఇంకొందరు చరిత్రకారుల వాదన. ఆ వివాదం తేలకపోయినా, ఆకలితో నడిచేవాళ్లను వెనక్కి నెట్టిన ఈ ఆదేశం గురించి రెండు వర్గాల వారికీ సందేహం లేదు.

నగరం వైపు ఏం జరిగిందో చెప్పడానికి ఒక్క ఘటన చాలు. పాస్‌పోర్టుల పంపిణీ సమయంలో మాస్కో, లెనిన్‌గ్రాడ్ వీధుల్లో కాగితాలు లేనివాళ్లను పట్టుకుని సైబీరియాకు రైలెక్కించారు. వాళ్లలో పాస్‌పోర్టు ఇంట్లో మర్చిపోయి రొట్టెకో, సిగరెట్లకో బయటికొచ్చినవాళ్లూ ఉన్నారు. 1933 మే నెలలో ఆరు వేలకు పైగా మందిని ఓబ్ నదిలో నాజినో అనే లంక మీద దించారు. ఇళ్లు లేవు, పనిముట్లు లేవు, వంటపాత్రలు లేవు. ఇచ్చింది ఉత్త పిండి. జనం దాన్ని టోపీల్లో, కోటు అంచుల్లో పట్టుకుని నది నీళ్లు కలుపుకు తిన్నారు, విరేచనాలతో పడిపోయారు. తర్వాత మనిషిని మనిషి తినేదాకా వచ్చింది. కొన్ని వారాల్లో నాలుగు వేల మంది దాకా చనిపోవడమో, జాడ లేకుండా పోవడమో జరిగింది. వెలిచ్కో అనే స్థానిక పార్టీ కార్యకర్త ఊరూరా తిరిగి, చూసినవాళ్లను అడిగి, నేరుగా స్టాలిన్‌కే ఉత్తరం రాశాడు. మనకిదంతా తెలిసింది ఆయన పట్టుదల వల్లే.

పనిదినం లెక్క: పంట 15 శాతం తగ్గితే రైతు వాటా ఎంత తగ్గుతుంది?

ఊరు విడిచి పోవాలని ఎందుకంత ఆరాటపడ్డారు? జవాబు జీతం లెక్కలో ఉంది. కోల్‌ఖోజ్ సభ్యుడి పనిని 'త్రుదొదేన్', అంటే పనిదినం అనే కొలతలో రాసేవాళ్లు. ఇది ఒక రోజు పని కాదు. పని బరువును బట్టి ఒక రోజుకు సగమో, ఒకటిన్నరో, రెండో పడవచ్చు. పనిదినం విలువ ముందుగా ఎవరికీ తెలియదు. ఏడాది చివర్లో అందరికీ ఇవ్వాల్సినవి ఇచ్చేశాక మిగిలినదాన్ని మొత్తం పనిదినాలతో భాగిస్తే అప్పుడు తేలుతుంది.

లెక్క తేలిగ్గా అర్థం కావడానికి ఒక ఊహా క్షేత్రం తీసుకుందాం. వంద మంది సభ్యులు, ఒక్కొక్కరు 200 పనిదినాలు, మొత్తం 20 వేలు. పంట 1,000 క్వింటాళ్లు. ప్రభుత్వ లెవీకి 300, ట్రాక్టర్లు నడిపే యంత్ర కేంద్రానికి 200, విత్తనాలకు 150, పశువుల దాణాకు 120, నిల్వకు 30. అన్నీ పోగా మిగిలింది 200 క్వింటాళ్లు, అంటే 20 వేల కిలోలు. పనిదినానికి ఒక కిలో. ఏడాదంతా పనిచేసినావిడకు 200 కిలోల ధాన్యం.

మరుసటి ఏడు వానలు కాస్త వెనకబడి పంట 850 క్వింటాళ్లకు తగ్గిందనుకుందాం. లెవీ, యంత్రాల బాకీ, విత్తనం, దాణా, నిల్వ కలిపి అదే 800. మిగిలింది 50 క్వింటాళ్లు. పనిదినానికి పావు కిలో, ఆవిడకు 50 కిలోలు. పంట తగ్గింది 15 శాతం, ఆవిడ కూడు తగ్గింది 75 శాతం. నిజంలో యంత్ర కేంద్రం వాటా పంటను బట్టి కొంత మారేది, కొంచెం నగదు కూడా చేతికొచ్చేది. అయినా వరసలో రైతు నిలబడింది చివర్నే.

ఆ లెక్కలో బతకలేరు గనుక ఇంటి వెనక దొడ్డి మీద బతికారు. 1935 నమూనా నియమావళి ప్రకారం ఒక ఇంటికి మామూలుగా పావు హెక్టారు నుంచి అర హెక్టారు దాకా సొంత మడి, ఒక ఆవు, కొన్ని గొర్రెలు, కోళ్లు ఉంచుకోవచ్చు. బంగాళదుంపలు, పాలు, గుడ్లు అక్కడివే. వాటి మీద కూడా పన్ను, పైగా పాలు, మాంసం, గుడ్లు ప్రభుత్వానికి అప్పగించాలి. పండ్ల చెట్లకు పన్ను వేశారని చెట్లు కొట్టేసుకున్న ఇళ్లున్నాయి. 1953లో స్టాలిన్ చనిపోయాక ప్రధాని మలెన్‌కోవ్ ఈ పన్నును సగానికి దగ్గరగా తగ్గించి పాత బకాయిలు కొట్టేశాడు. 'మలెన్‌కోవ్ వచ్చాడు, అట్లు తిన్నాం' అని పల్లెల్లో ప్రాస కట్టి చెప్పుకున్నారు. ఒక పాలకుడి గురించి అట్లు తిన్నామని చెప్పుకున్నారంటే, అంతకు ముందు ఆ ఇళ్లలో పొయ్యి మీద పెనం ఎన్నాళ్లకోసారి ఎక్కేదో ఊహించుకోవచ్చు.

పనికి రాకుండా దొడ్డి చూసుకుంటామంటే కుదరదు. 1939లో ఏడాదికి కనీసం ఇన్ని పనిదినాలని నిర్ణయించారు, ప్రాంతాన్ని బట్టి 60 నుంచి 100. యుద్ధ కాలంలో, 1942లో, దాన్ని 100 నుంచి 150కి పెంచి, చేయనివాళ్లకు కోర్టు శిక్ష పెట్టారు. 1948 జూన్ 2 ఉత్తర్వు ఇంకో మెట్టు ఎక్కింది. పనిలో వెనకబడ్డవాళ్లను ఊరి సభ తీర్మానంతోనే ఎనిమిదేళ్లు దూర ప్రాంతాలకు పంపొచ్చు. అలా 30 వేలకు పైగా మందిని పంపారు. దీన్ని ముందుగా ఉక్రెయిన్‌లో అమలు చేయించినవాడు, స్టాలిన్ తర్వాత దేశాన్ని ఏలిన క్రుశ్చేవ్.

మరి కోట్ల మంది ఎలా వెళ్లిపోయారు?

ఇక్కడే చిక్కు. ఇంత కట్టుదిట్టం ఉంటే పల్లెలు కదలకూడదు. జనాభా లెక్కలు వేరే మాట చెబుతాయి. 1926లో దేశంలో పట్నవాసులు 18 శాతం. 1939 నాటికి 33 శాతం. 1959 నాటికి 48 శాతం. ప్రపంచ చరిత్రలోనే అతి వేగంగా పట్నాలకు తరలిన సమాజాల్లో ఇదొకటి.

పారిశ్రామికీకరణకు చేతులు కావాలి కాబట్టి ప్రభుత్వమే కొన్ని తలుపులు తెరిచి ఉంచింది. గనులకు, కట్టడాలకు మనుషుల్ని తీసుకెళ్లే అధికారిక భర్తీ ఒప్పందాలు ఉండేవి. వాటి మీద సంతకం పెట్టినవాళ్లను క్షేత్రం వదలాల్సిందే. సైన్యానికి వెళ్లిన కుర్రాడు విడుదలయ్యాక ఊరికి రాకుండా ఫ్యాక్టరీలో చేరిపోతే పాస్‌పోర్టు అక్కడే దొరుకుతుంది. సాంకేతిక పాఠశాలలో సీటు వచ్చిన పిల్లలకూ అంతే. పదహారేళ్లు నిండేటప్పటికి ఊళ్లో ఉంటే క్షేత్రం సభ్యుడి కిందే లెక్క కాబట్టి, ఆ వయసు రాకముందే పిల్లల్ని పట్నానికి చదువుకు పంపేయడం తల్లిదండ్రుల తొందర. అధ్యక్షుడితో బంధుత్వమో, ఒక సీసా వోద్కానో ఉన్నవాడికి చీటీ దొరకడం కష్టం కాదు.

ఒక ఇంట్లో అన్నాచెల్లెళ్లున్నారనుకుందాం. అన్న పంతొమ్మిదేళ్లకు సైన్యానికి వెళ్లి, మూడేళ్ల తర్వాత ఉరల్ కొండల్లో ఏదో కర్మాగారంలో చేరాడు. గది, జీతం, పాస్‌పోర్టు, తర్వాత సాయంకాలం చదువు. చెల్లెలికి సైన్యం దారి లేదు. చదువులో సీటు రాకపోతే అమ్మతో పాటు పాలపశువుల కొట్టంలోనే. ఇలా ఇంటింటా జరిగి, పైగా యుద్ధంలో మగవాళ్లు లక్షల్లో చనిపోయి, 1950ల నాటికి రష్యన్ పల్లె ఆడవాళ్ల చేతుల మీద నడిచింది. పల్లె నుంచి ఇంజనీర్లు వచ్చారన్నది నిజమే. వాళ్ల వెనక ఉండిపోయిన అక్కచెల్లెళ్ల, అమ్మల లెక్క కూడా అదే ఇంటిది.

దీన్ని భూదాస్యం అనవచ్చా?

అన్నది ముందుగా ఆ రైతులే. కమ్యూనిస్టు పార్టీ పేరు అప్పట్లో రష్యన్ పొడి అక్షరాల్లో 'వీకేపీ'. 1930లలో రైతులు దాన్ని 'వ్తరోయె క్రెపస్త్‌నోయె ప్రావో', అంటే రెండో భూదాస్యం, అని విడమర్చి చెప్పుకున్నారు. జీతం లేని తప్పనిసరి పని, అనుమతి లేకుండా వెళ్లలేకపోవడం, ఊరి పెత్తందారు దయ మీద బతుకు అన్నీ చూసినవాళ్లు కాబట్టి ఆ పోలిక ఊరికే రాలేదు. చాలామంది రష్యన్ చరిత్రకారులు దీన్నే సమర్థిస్తారు.

కాదనేవాళ్ల వాదనలోనూ బలముంది. భూదాసుణ్ణి అమ్మేవారు, కొనేవారు. అతని బిడ్డ ప్రొఫెసర్ కాలేడు. కోల్‌ఖోజ్ రైతు బిడ్డ అయ్యాడు, మంత్రి కూడా అయ్యాడు. పైగా కట్టు పల్లెకే పరిమితం కాలేదు. 1940 జూన్ 26 ఉత్తర్వు ప్రకారం పట్నం కార్మికుడు కూడా అనుమతి లేకుండా ఉద్యోగం మానితే జైలే, 20 నిమిషాలు మించి ఆలస్యంగా వస్తే కేసే. అది 1956 దాకా రద్దు కాలేదు. పాస్‌పోర్టు పద్ధతి కరువు రోజుల్లో పట్నం రేషన్‌ను కాపాడటానికి పుట్టిందని, రైతును కట్టేయాలన్నది దాని మొదటి గురి కాదని మరికొందరు చెబుతారు. నాకు మాత్రం మొదటి గురి ఏదైనా, ఆకలి తీరాక నాలుగు దశాబ్దాలు దాన్ని అలాగే ఉంచడం ఎక్కువ మాట్లాడుతుందనిపిస్తుంది. రేషన్ కార్డులు 1935లో పోయాయి, 1947లో మళ్లీ పోయాయి. రైతుకు పాస్‌పోర్టు రాలేదు.

ఇక్కడ మన సంగతొకటి చెప్పాలి. వెట్టిచాకిరి మీద తిరగబడ్డ తెలంగాణ రైతులు 1946 నుంచి 1951 దాకా ఎత్తిపట్టిన జెండా సోవియట్ రైతురాజ్యం వైపు చూసేది. 1951 ఆరంభంలో చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య, మరో ఇద్దరు నాయకులు రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలిన్‌ను కలిశారు. ఆ రోజున ఆ నగరం బయటి పల్లెల్లో 1948 ఉత్తర్వు అమల్లో ఉంది. ఇక్కడి రైతులు ఆశపడిన దానిలో, దొర గడీ కూలాలనుకోవడంలో తప్పేమీ లేదు. అక్కడి రైతుల గొంతు ఇక్కడికి చేరే దారే లేకపోయింది.

1974 తర్వాత

స్టాలిన్ తర్వాత కట్లు ఒక్కొక్కటే సడలాయి. కోల్‌ఖోజ్ రైతులకు పెన్షన్ 1965 నుంచి మొదలైంది. మగవాళ్లకు 65 ఏళ్లకు, ఆడవాళ్లకు 60కి, కనీసం నెలకు 12 రూబుళ్లు. కార్మికుల కనీస పెన్షన్ 1956 నుంచే 30 రూబుళ్లు. 1966లో పనిదినం లెక్క బదులు నికర నెలజీతం వచ్చింది. పాస్‌పోర్టు మాత్రం అప్పటికీ లేదు. ఇస్తే ఉన్న కొద్దిమంది యువకులూ వెళ్లిపోతారన్నది పై స్థాయిలో భయం.

చివరికి 1974 ఆగస్టు 28న మంత్రిమండలి కొత్త నిబంధనలు ఆమోదించింది. 1976 జనవరి నుంచి 1981 చివరి దాకా ఆరేళ్లలో పల్లెల్లో సుమారు 5 కోట్ల పాస్‌పోర్టులు పంచారు. ప్రొపీస్కా అలాగే ఉంది. పుస్తకం చేతికొచ్చిన రైతు మాస్కోలో దిగినా, అక్కడ ఉండేందుకు ముద్ర కావాలంటే ఉద్యోగం చూపాలి, ఉద్యోగం కావాలంటే ముద్ర చూపాలి. ఫ్యాక్టరీలు ప్రత్యేక కోటాల కింద తెచ్చుకున్న పల్లె యువతీయువకులు హాస్టళ్లలో తాత్కాలిక ముద్ర మీద ఏళ్ల తరబడి బతికారు. 'లిమిత్‌చిక్' అని నగరవాసులు వాళ్లను చులకనగా పిలిచేవాళ్లు.

1990లో రాజ్యాంగ పర్యవేక్షక సంఘం ప్రొపీస్కా పౌరుల హక్కులకు విరుద్ధమని తేల్చింది. 1993లో రష్యా కొత్త చట్టం అనుమతి బదులు నమోదు సరిపోతుందంది. 1997లో వచ్చిన కొత్త పాస్‌పోర్టుల్లో జాతి పేరు రాసే గడి కూడా పోయింది. ఆ పుస్తకాలు చేరేసరికి ఉత్తర రష్యాలో చాలా పల్లెల్లో బడులు మూతపడ్డాయి. తాళం వేసిన ఇళ్ల మధ్య మిగిలింది ఎక్కువగా ఒంటరి ముసలమ్మలు. పాస్‌పోర్టు వచ్చేనాటికే వాళ్లలో చాలామంది ప్రయాణం చేసే వయసు దాటిపోయారు.